వహాకా చేతివృత్తుల ఊళ్లకు గైడుతో ఒక్కరోజు యాత్ర: ఎటు వెళ్లాలి, ఎన్ని ఊళ్లు చూడాలి?

హ్యూస్టన్_శ్రావణి
డిసెంబరు చివర్లో అమ్మానాన్నలను వెంటబెట్టుకుని మెక్సికోలోని వహాకా నగరానికి వెళ్తున్నాము. అమ్మ పుట్టిల్లు పోచంపల్లి దగ్గర, చిన్నతనమంతా మగ్గాల మధ్యనే గడిచింది. వహాకా లోయలో చేతిపని మీద బతికే ఊళ్లను ఆమెకు చూపించాలన్నదే ఈ ప్రయాణంలో నా అసలు కోరిక. గైడుతో సహా ఒక్కరోజు యాత్ర కోసం వెతికితే దాదాపు అన్ని సంస్థలదీ ఒకటే వరుసగా కనిపిస్తోంది: తూలె మహావృక్షం, తెయోతిత్లాన్ దెల్ వాయే అనే నేతగాళ్ల ఊరు, మిత్లా శిథిలాలు, ఇయెర్వె ఎల్ ఆగ్వా రాతి జలపాతాలు, మెస్కాల్ అనే అక్కడి సారా కాచే బట్టీ, మధ్యలో భోజనం. నేతగాళ్ల ఇంట్లో ఎంతసేపు ఉంటామని అడిగితే 40 నిమిషాలన్నారు. నల్లమట్టి కుండల ఊరు, చెక్కబొమ్మల ఊరు ఆ జాబితాలో లేనే లేవు. ఇలాంటి యాత్రలో చేరడం మంచిదా, లేక సొంతంగా కారు మాట్లాడుకోవాలా?

ఆస్టిన్_రాఘవ
ముందు దారుల సంగతి తేల్చుకోండి, మిగిలినవన్నీ దాని వెంటే తేలిపోతాయి. నగరం నుంచి తూర్పుగా 190వ నంబరు రహదారి వెళ్తుంది. తూలె, తెయోతిత్లాన్, త్లాకోలూలా, మిత్లా, రాతి జలపాతాలు అన్నీ ఆ వైపే. దక్షిణంగా వెళ్లే 175వ నంబరు రహదారి మీదో దాని పక్కనో సాన్ బార్తోలో కొయోతెపెక్ (నల్లమట్టి), సాంతో తోమాస్ హలీఎసా (నేత), సాన్ మార్తీన్ తిల్కహేతె (చెక్కబొమ్మలు), ఒకోత్లాన్ ఉన్నాయి. రెండు వైపులనూ ఒకే రోజులో చూపిస్తామని ఎవరైనా చెబితే ఆ రోజంతా మీరు వ్యానులోనే కూర్చుంటారు. ఆదివారమైతే తూర్పుకు వెళ్లండి, ఆ రోజు త్లాకోలూలాలో పెద్ద సంత జరుగుతుంది. శుక్రవారమైతే దక్షిణానికి వెళ్లండి, ఒకోత్లాన్ సంత ఆ రోజే.

గుల్మొహర్
40 నిమిషాలని వాళ్లు చెప్పిన మాట నిజమే, కాని అందులో సగం అమ్మకానికే పోతుందని కూడా చెప్పి ఉండాల్సింది. మేము వెళ్లిన వ్యాను రహదారి పక్కనున్న ఒక పెద్ద తివాచీల షోరూము ముందు ఆగింది. ఒకాయన ఎర్ర రంగు తీసే పురుగును అరచేతిలో నలిపి చూపించారు, మరొకాయన మగ్గం మీద నాలుగు పోగులు వేసి చూపించారు, ఆ వెంటనే తివాచీలు పరిచి ధరలు చెప్పడం మొదలుపెట్టారు. అసలు ఊరు అక్కడి నుంచి ఇంకా లోపలికి ఉందని, రెండు నిమిషాల ప్రయాణమని నాకు తర్వాత తెలిసింది. ఊళ్లో అడుగు పెట్టకుండానే ఊరు చూసి వచ్చామన్న మాట! గైడుకు ఆ దుకాణం నుంచి కమిషన్ అందుతుందని డ్రైవరే చెప్పాడు.

కృష్ణాతీరం
గుల్మొహర్ గారి బాధ అర్థమవుతోంది, కాని గైడులందరినీ ఒకే గాటన కట్టడం న్యాయం కాదు. మా అత్తయ్య, మామయ్యగారు డెబ్బై దాటినవారు. స్పానిష్ ఒక్క ముక్క రాదు, ఎండలో టాక్సీ కోసం నిలబడే ఓపిక లేదు. వారికి వ్యాను యాత్ర ఎంతో మేలు చేసింది. తెయోతిత్లాన్‌లో పెద్దవారు చాలామంది ఇంట్లో అక్కడి మూలవాసుల భాష అయిన సపోతెక్ మాట్లాడతారు. మా గైడు అదే ఊరివాడు కావడం వల్ల ముసలమ్మ సపోతెక్‌లో చెప్పినదాన్ని నేరుగా ఇంగ్లీషులో మాకు వినిపించాడు. సొంతంగా వెళ్లి ఉంటే ఆ మాటలు మాకు అందేవే కావు. కమిషన్ విషయానికి వస్తే, ఊరికి మనుషులను తీసుకువచ్చేవాడికి కొంత ముట్టడంలో నాకు తప్పు కనిపించదు. ఆ భారం నేతగాడి కూలి మీద ఎంత పడుతోందన్నదే అడగవలసిన ప్రశ్న.

మగ్గం_మనిషి
చివరి వాక్యాన్ని నేను గట్టిగా సమర్థిస్తున్నాను. నేత వ్యాపారంలో పుట్టి పెరిగినవాడిని కాబట్టి శ్రావణి గారి అమ్మగారి కోసం కొంచెం వివరంగా రాస్తాను.

తెయోతిత్లాన్‌లో స్పెయిన్‌వారు రాకముందు నడుముకు కట్టుకునే మగ్గం మీద నూలు బట్ట నేసేవారు. గొర్రె ఉన్ని, తొక్కుడు మగ్గం స్పెయిన్‌వారి వెంట వచ్చాయి. మన గుంట మగ్గం దగ్గర నేతగాడు కూర్చుని కాళ్లు గుంటలో పెట్టి తొక్కుతాడు. అక్కడ మనిషి నిలబడి, ఒక్కో తొక్కుడుకర్ర మీద తన బరువంతా వేస్తూ నేస్తాడు. అమ్మగారు గడప దాటిన క్షణంలోనే ఆ తేడా కనిపెడతారు.

రెండో తేడా ఇంకా లోతైనది. పోచంపల్లిలో డిజైను మగ్గం ఎక్కకముందే పుడుతుంది, పడుగుకూ పేకకూ ముందే ముడులు కట్టి రంగులద్దుతారు కాబట్టి. తెయోతిత్లాన్‌లో పడుగు పూర్తిగా దాగిపోతుంది, పేక ఒక్కటే పైకి కనబడుతుంది, ఒక్కో రంగు పోగును అవసరమైనంత మేరకే అడ్డంగా తిప్పి వెనక్కి తెస్తూ బొమ్మను మగ్గం మీదనే కట్టుకుంటూ పోతారు. అందువల్ల ఒక పెద్ద తివాచీకి వారాలు, ఒక్కోసారి నెలలు పడతాయి. మెట్లలా ముడుచుకునే గీతల డిజైను కనిపిస్తే అది మిత్లా గోడల మీది రాతి పనితనం నుంచి వచ్చింది. ఉదయం మిత్లా గోడలు చూసి మధ్యాహ్నం మగ్గం దగ్గరకు వెళ్తే ఆ సంబంధం కళ్లకు కడుతుంది. యాత్రల వాళ్లు ఈ వరుసను తిరగేసి పెడతారు, అదొక్కటీ మార్చమని అడగండి.

రెండుజడలు
అమెరికాలోని నవాహో అనే మూలవాసుల తెగ డిజైన్లు కూడా అక్కడే కనిపించాయని మా అక్క చెప్పింది. అవి అసలువి కావా?

మగ్గం_మనిషి
1970, 80 దశకాల్లో అమెరికా వ్యాపారులు నవాహో నమూనాలు ఇచ్చి తెయోతిత్లాన్‌లో నేయించుకున్నారు. ఆ గిరాకీతోనే ఊళ్లో మగ్గాలు పెరిగాయి. నేసిన చెయ్యి అసలైనదే, నమూనా మాత్రం పక్కవారిది. దాన్ని సపోతెక్ సంప్రదాయమని చెప్పి అమ్మితే తప్పు, నవాహో పేరుతో అమెరికాలో అమ్మితే ఇంకా పెద్ద తప్పు.

లెక్కల_మాస్టారు
సహజ రంగులని అందరూ చెబుతారు, నిజమో కాదో కొనేవాడికి ఎలా తెలుస్తుంది? పురుగు రంగు ఖరీదైనదని విన్నాను. ఆ ధర చెప్పి మామూలు రసాయన రంగు తివాచీ అంటగడితే ఏం చేయాలి?

మగ్గం_మనిషి
చూపుతో కచ్చితంగా చెప్పడం నాలాంటివాడికీ కష్టమే. అడగవలసింది వస్తువు గురించి కాదు, పని గురించి. అద్దకం కుండలు ఎక్కడ ఉన్నాయి, ఈ వారం ఏ రంగు వేశారు, పటిక ఎంత పట్టింది అని అడగండి. నిజంగా అద్దేవారింట్లో పెరట్లోనే పొయ్యి, నల్లబారిన పాత్ర, ఆరవేసిన ఉన్ని కనిపిస్తాయి. పసుపుకు పెరికోన్ అనే బంతి జాతి మొక్క, గోధుమ రంగుకు అక్రోటు, వాటితో పాటు దానిమ్మ తొక్క, చెట్ల మీది నాచు, నీలానికి అదే రాష్ట్రంలోని నిల్తెపెక్ నుంచి వచ్చే నీలిమందు వాడతారు. ఎరుపు మాత్రం నాగజెముడు మీద బతికే కొచినీల్ పురుగుదే. ఎండబెట్టిన ఆడ పురుగుల పొడికి నిమ్మరసం తగిలిస్తే నారింజ వైపు, సున్నం వంటి క్షారం తగిలిస్తే ఊదా వైపు తిరుగుతుంది. ఆ రంగు మార్పు ప్రతి షోరూములోనూ చూపిస్తారు కాబట్టి అది చూసినంత మాత్రాన అక్కడి తివాచీ మొత్తం సహజ రంగులదని నమ్మకండి. రసాయన రంగులు వాడుతున్నామని నిజాయితీగా చెప్పి తక్కువ ధరకు అమ్మేవారూ ఆ ఊళ్లో చాలామంది ఉన్నారు, వారి పనీ మంచి పనే.

మద్రాసు_మాటలు
కొచినీల్ ప్రస్తావన వచ్చింది కాబట్టి మన వైపు చరిత్ర ఒకటి చెప్పాలి. వలస పాలన కాలంలో మెక్సికో నుంచి యూరప్‌కు వెళ్లిన సరుకుల్లో వెండి తర్వాతి స్థానం ఈ ఎర్ర రంగుదే, దానికి ముఖ్యమైన పుట్టిల్లు వహాకా. స్పెయిన్ ఈ రహస్యాన్ని ఎంత కట్టుదిట్టంగా దాచిందంటే, అది గింజో పురుగో యూరప్‌లో చాలాకాలం తెలియలేదు. 1777లో తియెరీ ద మెనోన్‌విల్ అనే ఫ్రెంచి వృక్షశాస్త్రజ్ఞుడు వహాకా వరకు వెళ్లి పురుగులున్న నాగజెముడు ఆకులను దొంగతనంగా బయటికి తెచ్చాడు.

ఈస్టిండియా కంపెనీకి కూడా అదే ఆశ పుట్టింది. మద్రాసులో డాక్టర్ జేమ్స్ ఆండర్సన్ సైదాపేటలో నాగజెముడు తోట పెంచాడు. 1795లో బ్రెజిల్ నుంచి పురుగు రానే వచ్చింది, కాని అది నాసిరకం అడవి జాతి. మంచి రంగు ఇవ్వలేదు సరికదా, పెంచిన నాగజెముడునే తినేసింది. వహాకాలో ఆ పురుగును అరచేతిలో నలిపి చూపించినప్పుడు, మన తీరంలో విఫలమైన ఆ ప్రయత్నం గుర్తు చేసుకోండి. తరతరాలుగా ఎంపిక చేసి పెంచిన పురుగు అది. ఆ పెంపకం తెలిసిన చేతులు లేకుండా పురుగు ఒక్కటే వచ్చి ఏం లాభం?

కుమ్మరివీధి
అందరూ తూర్పు వైపే మాట్లాడుతున్నారు. నా సలహా దక్షిణానికి వెళ్లమని. కొయోతెపెక్ నగరానికి 12 కిలోమీటర్ల దూరంలోనే ఉంది. అక్కడ కుమ్మరి సారె ఉండదు. ఒక పళ్లెం బోర్లించి, దాని మీద మరో పళ్లెం పెట్టి, చేత్తో తిప్పుతూ కుండ లేపుతారు. పూర్వం అక్కడివన్నీ మెరుపు లేని బూడిద రంగు కుండలు, నీళ్లకూ మెస్కాల్‌కూ వాడేవారు. 1950ల్లో దోన్యా రోసా అనే కుమ్మరి మహిళ, పచ్చి ఆరిన కుండను పలుగురాయితో రుద్ది, కాస్త తక్కువ వేడి మీద కాల్చి, ఆవాన్ని పొగ పోకుండా మూసేస్తే నిగనిగలాడే నలుపు వస్తుందని కనిపెట్టింది. నలుపు రంగు పూత కాదు, గాలి అందని ఆవంలో ఆ మట్టికే వచ్చే గుణం. ఆమె 1980లో పోయింది, ఆమె కుటుంబం ఇప్పటికీ పని చేసి చూపిస్తుంది.

కొనేవారు ఒకటి గుర్తుంచుకోవాలి. తక్కువ వేడి మీద కాల్చినందువల్ల ఆ మెరుపు కుండలో నీళ్లు నిలవవు. పూలకుండీగా నీళ్లు పోసి తర్వాత మోసపోయామని అనుకోవద్దు.

జొన్నరొట్టె
శాకాహారులకు ఆ ఊళ్లలో ఏం దొరుకుతుంది? యాత్రలో ఇచ్చే బఫే భోజనం మాకు ఏమాత్రం పనికిరాలేదు.

ఆస్టిన్_రాఘవ
బీన్స్‌లో పంది కొవ్వు, మోలె అనే గ్రేవీలో కోడి మాంసం రసం సర్వసాధారణం. త్లాయూదా అనే పెద్ద రొట్టె మీద కూడా పంది కొవ్వు రాస్తారు. "సిన్ మాంతేకా, సిన్ కార్నె" (కొవ్వు వద్దు, మాంసం వద్దు) అని చెప్పి, గుమ్మడి పువ్వు, వహాకా చీజు పెట్టి పెనం మీద కాల్చే కెసదీయా అడగండి. నాగజెముడు ఆకు కూర ఎక్కడైనా దొరుకుతుంది. మొక్కజొన్న, కోకో గింజలతో చేసే తెహాతె అనే చల్లని పానీయం సంతల్లో తప్పక తాగాలి, అందులో పాలు కూడా ఉండవు. కరకరలాడే ఎర్ర పోపులా బుట్టల్లో కనిపించేవి వేయించిన మిడతలు, అమ్మగారికి ముందే చెప్పి ఉంచండి, పల్లీలనుకుని నోట్లో వేసుకోగలరు!

పొణికి_చెక్క
కొండపల్లి బొమ్మలు ఇష్టపడేవారు తిల్కహేతెకు వెళ్లకుండా తిరిగి రాకూడదు. మనం తేలికైన తెల్ల పొణికి వాడినట్టే వారు కోపాల్ అనే మెత్తని చెక్క వాడతారు. కాని పచ్చిగా ఉన్నప్పుడే చెక్కి, తర్వాత ఆరబెడతారు, ఆరేటప్పుడు పగిలిన చోట చెక్క ముక్కలు, రంపపు పొట్టు కూరి మళ్లీ నున్నగా చేస్తారు. ఆ తర్వాత చుక్కా గీతా నింపే పని ఎక్కువగా ఇంట్లో ఆడవాళ్లదే. ఒక్క బొమ్మ మీద రోజుల తరబడి కూర్చుంటారు, అమ్మకపు కాగితం మీద మాత్రం చాలాసార్లు చెక్కినవారి పేరు ఒక్కటే ఉంటుంది. రంగులు వేసినవారెవరని అడగండి. ఆ ప్రశ్న అడిగితే వారి ముఖం వెలగడం నేను చూశాను.

గైడులు చెప్పే కథను కూడా కొంచెం సరిచేసుకోవాలి. అలెబ్రిహె అనే వింత జంతువులను 1936లో జబ్బుపడి కలలో చూసినది పెద్రో లినారెస్. ఆయన మెక్సికో నగరంలో కాగితంతో బొమ్మలు చేసిన కళాకారుడు. వహాకాలో చెక్క బొమ్మలకు పేరు తెచ్చినది అర్రసోలా ఊరివాడైన మనువేల్ హిమేనెస్. ఆ రెండు ధారలూ తర్వాత కలిశాయి. వెయ్యేళ్ల సపోతెక్ సంప్రదాయమని ఎవరైనా చెబితే వినయంగా విని ఊరుకోండి.

లెక్కల_మాస్టారు
ధరల మాట ఎవరూ ఎత్తడం లేదు. బేరం ఆడవచ్చా? సంతలో మొదటి ధర ఇచ్చేసేవాడు అమాయకుడని మా నాన్నగారి నమ్మకం, నాదీ అదే.

మగ్గం_మనిషి
మాస్టారూ, సంతలో టమాటాల బేరం వేరు, నెలరోజుల పని బేరం వేరు. నేసినవారి ఇంట్లో కూర్చుని, వారు పెట్టిన చాక్లెట్ తాగి, సగం ధరకు అడగడం నాకు బాధ కలిగిస్తుంది. మన చీరలకు అదే జరిగినప్పుడు నేత కుటుంబాలు ఏమయ్యాయో తెలిసినవాళ్లం. రెండు మూడు వస్తువులు కొన్నప్పుడు కొంత తగ్గించగలరా అని ఒక్కసారి అడగండి, అంతటితో ఆపండి.

లెక్కల_మాస్టారు
మీ బాధ కాదనను, కాని గైడు కమిషన్ కలిపి పెంచిన ధర మీద బేరం ఆడితే నేతగాడికి నష్టం ఎలా అవుతుంది? షోరూములో బేరం ఆడతాను, ఇంట్లో ఆడను. ఇది ఒప్పుకుంటారా?

మగ్గం_మనిషి
షోరూములో మీరు తగ్గించిన డబ్బు కమిషన్ లోంచి పోతుందో, కూలి లోంచి పోతుందో మీకూ నాకూ కనిపించదు. అందుకే ఇంటికి వెళ్లి కొనండి అంటున్నాను. తెయోతిత్లాన్‌లో వీదా న్వేవా వంటి మహిళా సహకార సంఘాలు ఉన్నాయి. హలీఎసాలో ఊరి మధ్యనున్న సంతలో నేసే ఆడవాళ్లే కూర్చుని అమ్ముతారు. మగ్గం ఒక కొస స్తంభానికి, మరో కొస తమ నడుముకు కట్టుకుని అక్కడే నేస్తూ ఉంటారు.

సీసం_జాగ్రత్త
కుండల ప్రసక్తి వచ్చింది కాబట్టి ఆరోగ్యం విషయం చెప్పక తప్పదు. అత్సోంపా అనే కుమ్మరుల ఊళ్లో ఆకుపచ్చ మెరుపు పూత గిన్నెలు దొరుకుతాయి. సంప్రదాయంగా ఆ పూతలో సీసం ఉండేది, తక్కువ వేడి మీద కాల్చినప్పుడు అది పులుపు తగిలితే ఆహారంలోకి దిగుతుంది. ఇప్పుడు సీసం లేని పూత వాడేవారూ ఉన్నారు, "సిన్ ప్లోమో" అని అడగండి. అమ్మేవారు నమ్మకంగా చెప్పలేకపోతే అలంకారానికే కొనండి. పచ్చడి, చింతపండు పులుసు అందులో పెట్టకండి, చిన్నపిల్లలున్న ఇంట్లో మరీ జాగ్రత్త.

హ్యూస్టన్_శ్రావణి
ఇంత వివరంగా రాసినందుకు అందరికీ కృతజ్ఞతలు. వ్యాను యాత్ర వద్దనుకున్నాను, గైడు మాత్రం కావాలి. కృష్ణాతీరం గారు చెప్పినట్టు సపోతెక్ తెలిసిన మనిషి ఉంటే అమ్మ నేరుగా ప్రశ్నలు వేయగలదు. తూర్పు దారికి ఒక రోజు, దక్షిణానికి మరో రోజు పెట్టుకుంటాము. తూర్పున ఉదయం మిత్లా, తర్వాత రోజంతా తెయోతిత్లాన్, అంతే. రాతి జలపాతాలు మానేస్తే నష్టమా?

కృష్ణాతీరం
నాన్నగారికి మోకాళ్ల నొప్పులుంటే మానేయడమే మేలు, ఎగుడుదిగుడు దారి, నీడ తక్కువ. పైగా అక్కడి గ్రామాల మధ్య తగాదాల వల్ల 2021లో ఆ చోటు కొంతకాలం మూతపడింది, కాబట్టి వెళ్లదలిస్తే ముందు రోజు కనుక్కోవాలి. తూలె చెట్టును మాత్రం వదలకండి, దారిలోనే ఉంది, అరగంట చాలు. దాదాపు 14 మీటర్ల అడ్డుకొలత ఉన్న మానును చూసి మా మామయ్యగారు చేతులు జోడించారు.

గుల్మొహర్
గైడును మాట్లాడుకునేటప్పుడు మూడు విషయాలు రాతపూర్వకంగా అడగండి: ఎవరి ఇంటికి తీసుకువెళ్తారు, ఆ ఇంట్లో ఎంతసేపు ఉండవచ్చు, తనకు కమిషన్ ఉందా. మూడో ప్రశ్నకు దాపరికం లేకుండా "ఉంది" అని చెప్పినవాడిని నేను నమ్ముతాను. జవాబు దాటవేసినవాడిని వదిలేయండి. పల్లెల్లో కార్డులు అన్నిచోట్లా చెల్లవు కాబట్టి నగదు పెసోలు నగరంలోనే తీసి ఉంచుకోండి.

ఆస్టిన్_రాఘవ
డిసెంబరు చివర అన్నారు. 23వ తేదీ సాయంత్రానికి చేరగలిగితే వహాకా నడిబొడ్డు కూడలిలో ముల్లంగుల రాత్రి జరుగుతుంది. పెద్ద ఎర్ర ముల్లంగులను బొమ్మలుగా చెక్కి పోటీ పెడతారు, 1897 నుంచి నడుస్తున్న ఉత్సవం. అమ్మానాన్నలది భారత పాస్‌పోర్టు, చెల్లుబాటులో ఉన్న అమెరికా వీసా అయితే మెక్సికోకు వేరే వీసా అవసరం లేదు, అయినా బయలుదేరే ముందు మెక్సికో కాన్సులేటు నిబంధనలు ఒకసారి చూసుకోండి.

రెండుజడలు
చెక్కబొమ్మలకు పురుగు పడుతుందని విన్నాను. అమెరికా తెచ్చాక ఏం చేయాలి?

పొణికి_చెక్క
కోపాల్ చెక్కలో సన్న పురుగులు దాగి ఉండే అవకాశం నిజంగానే ఉంది. మంచి పనివారు ముందే మందు పట్టిస్తారు, కొనేటప్పుడు అడగండి. ఇంటికి వచ్చాక బొమ్మను గాలి చొరని సంచిలో కట్టి కొన్ని రోజులు ఫ్రీజరులో ఉంచి, తీసిన తర్వాత సంచి విప్పకుండానే మామూలు వేడికి రానివ్వండి, లేకపోతే తేమ పట్టి రంగు పాడవుతుంది. బొమ్మ కింద సన్నటి పొడి రాలుతూ కనిపిస్తే మళ్లీ అదే చేయండి. చెవులు, తోకలు విడిగా ఊడదీసే బొమ్మలైతే వాటిని తీసి వేరే గుడ్డలో చుట్టి చేతి సంచిలోనే పెట్టుకోండి, సామాను సంచిలో వేయవద్దు.